సత్యవేణి రిలీవింగ్ ఆర్డరు

మా ఆస్పత్రి ల్యాబ్ టెక్నీషియన్ సత్యవేణిని ఏజెన్సీలో చివరి ఊరికి బదిలీ చేశారు. కాగితంలో కారణం "పరిపాలనా సౌలభ్యం". ఎవరి సౌలభ్యమో ఆ సంతకం పెట్టిన మహానుభావుడికే తెలియాలి! ఆమె భర్త పైడిరాజుకు రెండు కిడ్నీలూ పోయాయి. వారానికి మూడుసార్లు మా ఆస్పత్రిలోనే డయాలసిస్. ఆ కొండమీద అలాంటి మిషను లేదు. ఆమె ఒక్కతే వెళ్తే ఈయనకు దిక్కు లేదు, ఇద్దరూ వెళ్తే ఈయన బతకడు.

అందుకే హైకోర్టులో కేసు వేసింది. విచారణ బుధవారం. ఈలోపు రిలీవింగ్ ఆర్డరు ఆమెగానీ, ఇంట్లోవాళ్లెవరైనాగానీ సంతకం పెట్టి తీసుకున్నారంటే ఇక్కడి కుర్చీ వదిలేసినట్టే, ఆ తర్వాత స్టే వచ్చినా పనికిరాదు. సత్యవేణి సెలవు చీటీ పంపేసి ఇంట్లో దాక్కుంది. వీధి తలుపుకు బయట తాళం, రాకపోకలన్నీ పెరటివైపు నుంచే. "సెలవులో ఉన్నా డ్యూటీకి లాక్కుపోతారండీ" అని మొగుడికి సర్దిచెప్పింది. బదిలీ సంగతి మాత్రం చెప్పలేదు. మంగళవారం నేను వెళ్లేసరికి గేటు చప్పుడుకే చేతిలో టీ ఒలకబోసుకుని మంచం పక్కన నక్కింది. ఇరవై రెండేళ్లు ఊరందరికీ రక్తపరీక్షలు చేసిన మనిషి! నాకు ఏడుపూ వచ్చింది, ఒళ్లూ మండింది.

"ఆయనకి చెప్పెయ్యవే సత్యా."

"వద్దొదినా. బీపీ పెరిగితే మిషను మీదే పోతారు. నాకు భయమేస్తోంది. రేపొక్కరోజు దాటనీ, నేనే చెబుతాను."

బుధవారం డయాలసిస్ తప్పదు. ఆమె ఆస్పత్రి గడప తొక్కకూడదు. పైడిరాజును ఆటోలో నేనే తీసుకెళ్లాను. మిషనుకు తగిలించాక నా మందుల కౌంటరుకు పోయాను. లైను వరండా దాటి ఉంది. ఆయన్ని కనిపెట్టుకుని అక్కడే ఉండాల్సింది. ఆ తప్పు నాదే.

పన్నెండు కావస్తుండగా సత్యవేణి ఫోను.

"వదినా, స్టే ఇచ్చారు! పదకొండున్నరకి ఆర్డరు చెప్పారట. అప్పటికి నేను రిలీవ్ కాకుండా ఉంటే చాలన్నారు లాయరుగారు. తలుపెవరూ తట్టలేదుగా!" ఏడుస్తోంది, నవ్వుతోంది. "ఇక ఆయనకి చెప్పెయ్యి. నువ్వే చెప్పు."

ఫోను పట్టుకునే వార్డులోకి పరిగెత్తాను. పైడిరాజు పొట్టమీద గోధుమరంగు కవరు ఉంది.

"ఏంటన్నయ్యా అది?"

"ఆఫీసు అటెండరు ఇచ్చాడమ్మా. సత్యకి ఇమ్మన్నాడు. ఇంటికి తాళం ఉందట కదా, సెలవు మంజూరు కాగితమేమో."

కవరు చింపాను. రిలీవింగ్ ఆర్డరు.

"సంతకం పెట్టావా?"

"పెట్టా. ఈ చెయ్యి ఖాళీయేగా. టైము కూడా వేశా, పదకొండూ పది. కాగితం ఆలస్యంగా తీసుకుందని రేపెవరూ సత్యని ఒక మాట అనకూడదు కదా!"

నా చేతిలో ఫోను ఇంకా ఆన్‌లోనే ఉంది.

"వదినా, చెప్పావా? ఏమన్నారు?" అని అడుగుతోంది సత్యవేణి.