నా కంది గట్టు

మొన్న మంగళవారం, పొలం కొలిచి భాగాలు వేయమని జడ్జిగారు నియమించిన కమిషనరు సర్వేయరును వెంటబెట్టుకుని ఇందుకూరుపేట దగ్గరి మా పొలానికి వచ్చి, "మీ నాయన ఉన్నప్పుడు ఈడ హద్దు యాడుండేదిమా?" అని అడిగితే, అరవై ఎనిమిదేళ్లు వచ్చినదాన్ని, ఎదురుగా ఉన్న రొయ్యల గుంట వైపు వేలు చూపించాను.

ఆ నీళ్లున్న చోటే నా గట్టు ఉండేది. మా నాయన నాట్లప్పుడు నాకూ అన్నకూ చెరొక గట్టు అప్పగించి కందులు వేయించేవాడు, ఎవరి గట్టు మీద కాసినవి వాళ్లు కోత పండుగ నాడు బుట్టలో పెట్టుకుని చర్చికి పట్టుకెళ్లాలి. ఒక ఏడు నా మొక్కలన్నీ పురుగు పట్టిపోతే, నేనేడుస్తానని అన్న తన కాయలు సగం చడీచప్పుడు లేకుండా నా బుట్టలో పోశాడు. ఆ సంగతి అమ్మ చెబితేగానీ నాకు తెలియలేదు.

నాయన వీలునామా రాయకుండానే పోయి, వెనకే అమ్మా పోయాక, పొలమంతా అన్న చేతిలోనే ఉండిపోతే కోర్టుకెళ్లాను. చెరి సగమని డిక్రీ వచ్చింది. అది వాటా ఎంతో చెప్పే కాగితమేననీ, నేల మీద పంచి ఇవ్వాలంటే మళ్లీ అర్జీ వేయాలనీ మా వకీలు చెబుతూనే ఉన్నాడు. డిక్రీ వచ్చిన సాయంత్రమే అన్న మా ఇంటికి వచ్చి, మాతో పాటు మోకరించి ప్రార్థన చేసి, "కోర్టోళ్లు వచ్చి మన చేలో కొలత గొలుసు లాగితే సంఘంలో తలెత్తుకోలేం పాపా, ఈ కోత అయినాక నీ సగానికి గట్టు నేనే వేసిస్తా" అన్నాడు. నమ్మాను. డిక్రీ బైబిల్లో పెట్టుకుని, వకీలును వద్దన్నాను.

ప్రతి కోతకూ వచ్చే కోతకన్నాడు. చివరికి ఒక వేసవిలో యంత్రం పెట్టి గట్లన్నీ తవ్వించి గుంటలు చేశాడు. అప్పుడు లేచి అర్జీ వేశాను. వాయిదాల సంగతి మన వయసువాళ్లకు నేను చెప్పాలా? వకీలు రాలేదని ఒకసారి, జడ్జిగారు బదిలీ అయ్యారని ఒకసారి, అలా తొమ్మిదేళ్లు తిరిగితే ఈ మంగళవారం వచ్చింది.

నేను చూపించిన వైపు చూడకుండానే అన్న కర్ర ఊతంగా ముందుకొచ్చి, "ఈడ గట్టనేదే ఎప్పుడూ లేదు సార్, పొలమంతా ఒకే చెక్క" అన్నాడు. కమిషనరు రాసుకున్నాడు. నివేదికకు మళ్లీ వాయిదా అన్నాడు.

ఇప్పుడు మా వైపు ఎక్కడ చూసినా గుంటలే, గట్టు మీద కంది వేసేవాళ్లు లేరు, కోత పండుగకు బుట్టలకు బదులు డబ్బు పెట్టిన కవర్లు వస్తున్నాయి. అందుకు నాకు బాధ లేదు, కాలం మారుతుంది. నా సగం నేను పోయాకైనా కోర్టు నా పిల్లలకు ఇస్తుందేమో. కానీ ఆ గట్టే లేదంటే ఆ కందులూ లేవు, ఆ బుట్టా లేదు, అందులో తన కాయలు పోసిన మా అన్న కూడా లేడు.