మహాకు గులాబీ గౌను

మొన్న మా చిన్నోడు ఫోన్ తెచ్చి నా మొహం ముందు పెట్టాడు. "నాన్నా, గిది చూడు." ఏదో దేశంలో కొందరు నల్లా తెల్లా పాండా వేషాలు వేసుకొని పాండా పిల్లలకు సీసాలతో పాలు పడుతున్నారు. ఒక్కరోజు ఆ సేవ చేయడానికి జనం ఎక్కడెక్కడి నుంచో వస్తారట. "అసుంటి పని నాకు దొరికితే ఎంత మంచిగుండు!" అని వాడు నిట్టూర్చాడు.

"నేను చేసిన గదరా" అన్నాను.

వాడు నమ్మలేదు. వంటింట్లో నుంచి వాళ్లమ్మ పద్మ మాత్రం కిసుక్కున నవ్వింది. ఆమెకు కథ తెలుసు. మీకు తెలియదు కాబట్టి చెబుతాను. నవ్వు ఆపుకోవద్దు, ఆపుకుంటే పొలమారుతుంది. ఇది పాండాల కథ కాదు. పాండా అయితే దాని వాలకం చూసి నేను కూడా గుర్తుపట్టేవాణ్ని. రియాద్‌లో ఒక శుక్రవారం పొద్దున నా పరువుకూ, ఒక కొత్త గులాబీ రంగు గౌనుకూ కలిసి పట్టిన గతి ఇది.

అప్పుడు నేను అక్కడ ఒక చిన్న మెయింటెనెన్స్ కంపెనీలో ఏసీ మెకానిక్‌ని. నితాఖత్ రోజులు. కంపెనీలో ఎంతమంది సౌదీలున్నారో చూసి దానికో రంగు వేసేవారు. పచ్చ అయితే బతికినట్టు. ఎరుపు అయితే మా ఇఖామాలు, అంటే అక్కడ ఉండనిచ్చే కార్డులు, రెన్యువల్ కావు, మూటాముల్లె సర్దుకోవాల్సిందే. మా కంపెనీ కామెర్లొచ్చిన మనిషిలా పసుపులో పడి లేవలేకుండా ఉంది. దాని మీద తలకింతని లెవీలు కూడా వచ్చిపడ్డాయి. దేవుడు వరమిచ్చినా పూజారి ఇవ్వడంటారు కదా, మా దగ్గర కఫీల్, అంటే వీసా ఇచ్చిన యజమాని, వరమిచ్చినా కంపెనీ రంగు ఇచ్చేది కాదు. సగం మందికి ఎగ్జిట్ కొట్టి ఇంటికి పంపుతారని పుకారు లేచింది. రూములో అందరం మెతుకు మింగుడుపడక తిరుగుతున్నాం.

మా కఫీల్ అబూ సాలెహ్ మంచి మనిషి. తెల్లగడ్డం, మెల్లని మాట. మాతో సగం అరబ్బీ, సగం హిందీ కలిపి ఒక వింత భాష మాట్లాడేవాడు. ఆ భాషకు వ్యాకరణం లేదు, అందుకే మాకు బాగా వచ్చేది. వచ్చేదని మేం అనుకునేవాళ్లం.

ఒక గురువారం సాయంత్రం ఆయన ఆఫీసులో ఏసీ చూస్తున్నాను. ఆయన నన్నే చూస్తూ, "మల్లేష్, బుక్రా జుమ్మా. ఇంతా మేరే సాథ్ ఆయేగా? మహా కే పాస్" అన్నాడు.

రేపు శుక్రవారం నాతో మహా దగ్గరికి వస్తావా అని. మహా అంటే ఆడపిల్ల పేరని నాకు తెలుసు. మేం ఏసీలు బాగుచేసిన ఇళ్లలోనే ఇద్దరు ముగ్గురు మహాలుండేవారు.

"మహా కౌన్, బాబా?"

"బచ్చా సగీర్. మామా మాఫీ" అని ఆయన గుండె మీద చెయ్యి పెట్టుకున్నాడు. చిన్నపిల్ల, తల్లి లేదు. "దూధ్ బోతల్. సఫాయీ. ఇంతా మాలూమ్ బచ్చా?"

సీసాతో పాలు పట్టాలి, శుభ్రం చేయాలి, నీకు పిల్లల్ని చూసుకోవడం తెలుసా అని. నాకు ఒళ్లు పులకరించింది. తల్లి లేని మనవరాలిని ఆడించడానికి ఇంతమందిలో నన్ను పిలిచాడంటే నా నౌకరీకి ఢోకా లేనట్టే!

"ఐవా, బాబా! మేరా దో బచ్చా! మై పాలా!" అన్నాను ఛాతీ విరిచి.

ఇద్దర్నీ నేనే పెంచానన్నమాట. పెంచింది పద్మ. నేను రెండేళ్లకోసారి చాక్లెట్ల డబ్బాతో పోయి వచ్చిన చుట్టాన్ని. పోయినసారి పోయినప్పుడు మా చిన్నోడు నన్ను చూసి వాళ్లమ్మ కొంగు వెనక దాక్కొని, "గీ అంకుల్ ఎప్పుడు పోతడు?" అని అడిగాడు.

రూముకు పోయి గంగారామన్నకు చెప్పాను. ఆయన ఆర్మూరు దిక్కు మనిషి, ప్లంబరు, మా అందరికీ పెద్ద దిక్కు. వినగానే ఆయన కళ్లలో నీళ్లు తిరిగాయి.

"అయ్యో పాపం, తల్లి లేని పిల్లనా? ఉత్త చేతులతోని పోతవారా? ఓ గౌను పట్కపో."

"సైజు ఎట్ల తెలుస్తదన్నా?"

"సీసపాలు తాగుతున్నదంటే నెలల పిల్లనే గద. జర పెద్దదే తీస్కో. పిల్లలు ఊకె పెరుగుతరు."

ఇద్దరం బత్హా బజారుకు పోయి దుకాణాలన్నీ తిరిగి, కుచ్చులున్న గులాబీ గౌను ఒకటి కొన్నాం. గంగారామన్న దానికి తోడు ఒక గిలక్కాయ కూడా కొన్నాడు. "దిష్టిచుక్క పెట్టుడు మర్వకు" అని హెచ్చరించాడు.

తెల్లారి తలంటుకొని, పెళ్లిచూపులకు పోయే పిల్లగాడిలా పౌడరు రాసుకొని, అత్తరు కొట్టుకొని అబూ సాలెహ్ కారెక్కాను. ఊరు దాటింది. ఇళ్లు పలచబడ్డాయి. మనవరాలిని ఇంత దూరం ఎందుకు ఉంచారో అనుకున్నాను.

ఆయన నా ఒళ్లోని పొట్లం చూశాడు. "అదేమిటి?"

"మహాకు హదియా, బాబా." కానుక అని.

ఆయన ముచ్చటపడ్డాడు. "తినేదేనా?"

"కాదు, కాదు."

"పరవాలేదు. మహా ఏదైనా తినేస్తుంది. పోయినవారం కాపలా ఇద్రీస్ చొక్కా నమిలింది."

పాపం, ఎంత ఆకలో అనుకున్నాను. "పళ్లు వచ్చాయా బాబా?"

"వచ్చాయి. పరుగు చూడాలి నువ్వు! గాలే! ఇద్రీస్‌ను ఒక్క తన్ను తన్నితే రెండు రోజులు కుంటాడు."

నెలల పిల్ల పరుగెత్తడమేమిటి, మగవాణ్ని తన్ని కుంటివాణ్ని చేయడమేమిటి అని మీకు అనుమానం రావచ్చు. నాకు రాలేదు. ఒంటెపాల బలం అనుకున్నాను.

కారు పెద్ద కంచె ముందు ఆగింది. లోపల పొడుగాటి రేకుల షెడ్లు, వాటి వెనక కనుచూపు మేర ఇసుక. తెల్లకోటు వేసుకొని డాక్టరమ్మ నౌఫ్ ఎదురొచ్చింది. నన్ను చూడగానే ముక్కు మూసుకొని ఏదో అంది. అబూ సాలెహ్ చెప్పాడు: "అత్తరు కడుక్కోవాలట. మహాకు మనుషుల వాసన తగలకూడదు." నల్లా కింద మెడ దాకా రుద్దుకున్నాను. తర్వాత రబ్బరు బూట్లు, గ్లవుజులు, మొహం దాకా ముసుగుండే తెల్లని పొడుగు అంగీ ఇచ్చారు. పసిపిల్ల దగ్గర ఎంత జాగ్రత్త! మేమేమో బస్సు దిగి కాళ్లు కూడా కడుక్కోకుండా పిల్లల్ని ఎత్తుకుంటాం.

"లోపల మాట్లాడకూడదు. ముసుగు తీయకూడదు. ముద్దు చేయకూడదు" అని డాక్టరమ్మ మాటల్ని అబూ సాలెహ్ నాకు అందించాడు.

"ఎందుకు బాబా?"

"మనుషులకు అలవాటు పడకూడదు. పెద్దయ్యాక ఎడారిలో వదిలేస్తాం కదా."

"ఎడారిలోనా?"

"అవును. అక్కడే బతకాలి."

"ఒక్కదాన్నే?"

"లేదు, ఇరవై ముప్పైమందిని కలిపి వదులుతాం."

నౌకరీ పోతే పోయిందనిపించింది. "బాబా, హరామ్! ఆడపిల్ల బాబా!" అని అరిచాను.

"మగపిల్లల్ని కూడా వదులుతాం, మల్లేష్" అన్నాడు ఆయన ఓదార్పుగా.

ఈ లోగా ఇద్రీస్ షెడ్డు తలుపు తెరిచాడు. అతను సూడాన్ మనిషి, అక్కడి కాపలాదారు, నిజంగానే కుంటుతున్నాడు. లోపలికి చెయ్యి చూపి, "హాజీ మహా" అన్నాడు. ఇదే మహా అని.

లోపల గడ్డి మీద ఒక జింకపిల్ల నిలబడి ఉంది. ఇసుకరంగు ఒళ్లు, అగ్గిపుల్లల్లాంటి కాళ్లు, నెత్తి మీద మొలకెత్తే కొమ్ముల బుడిపెలు, కాటుక పెట్టినట్టున్న ఇంతేసి కళ్లు. పక్క దొడ్డిలో దాని పెద్దలు, తెల్లగా, నెత్తిన నిలువెత్తు కత్తుల్లాంటి కొమ్ములతో నన్నే చూస్తున్నాయి. అరబ్బీలో ఆ ఎడారి జింకనే మహా అంటారట. ఆ కళ్ల అందానికే ఆడపిల్లలకు కూడా ఆ పేరు పెట్టుకుంటారట. వాటిని పెంచి ఎడారికి పంపే ఆ కేంద్రంలో అబూ సాలెహ్ శుక్రవారాలు ఊరికే సేవ చేసేవాడట. ఈ సంగతి నాకు ఒక్కరోజు ముందు చెప్పిన పుణ్యాత్ముడు లేడు.

"కానుక ఇవ్వవా?" అని అబూ సాలెహ్ పొట్లం అందుకొని విప్పాడు. గులాబీ గౌను కుచ్చులు విరబూసుకొని బయటపడింది. గిలక్కాయ కింద పడి గలగలమంది.

అబూ సాలెహ్ కంచె పట్టుకొని కిందికి జారిపోయాడు. డాక్టరమ్మ అటు తిరిగి నిలబడింది కానీ భుజాలు ఎగిరెగిరి పడుతున్నాయి. ఇద్రీస్ ఒక్కడే గౌనును అటూ ఇటూ తిప్పి చూసి, "దీంట్లో ముందుకాళ్లు సరే. వెనకకాళ్లు ఎక్కడ?" అని అడిగాడు.

నవ్వి నవ్వి కళ్లు తుడుచుకొని అబూ సాలెహ్ నా చేతికి పాలసీసా ఇచ్చాడు. "పిల్లల్ని పెంచానన్నావు కదా. పట్టు."

లోపలికి పోయి మోకాళ్ల మీద కూర్చున్నాను. మహా వచ్చి సీసా అందుకొని ఒక్క గుంజు గుంజింది. ఆ గుంజు నా భుజం దాకా తెలిసింది. నురగలు కక్కుతూ, తోక ఆడిస్తూ, మధ్య మధ్య తలతో నా ఛాతీని పొడుస్తూ తాగుతోంది. నా ఇద్దరు పిల్లలకు నేను ఒక్కనాడు కూడా సీసా పట్టలేదు. ఆ మాట అప్పుడే ఎక్కడి నుంచి గుర్తొచ్చిందో. రూలు మరిచాను. ముసుగు తీసేశాను. "తాగు బిడ్డా, తాగు నా తల్లీ, నిమ్మలంగ" అంటున్నాను. అక్కడితో ఆగానా? జోలపాట ఎత్తుకున్నాను. మహా తాగడం ఆపి నా గడ్డం కింది చెమట నాకడం మొదలుపెట్టింది.

బయట డాక్టరమ్మ చేతులు గాలిలో ఊపుతోంది. ముద్దొచ్చి చప్పట్లు కొడుతోందనుకున్నాను. నన్ను బయటికి రమ్మంటోందట.

బయటికి నడిస్తే మహా నా వెంటే నడిచింది. నేను ఆగితే ఆగింది.

"నిన్ను తల్లి అనుకుంటోంది. తరిమెయ్! భయపెట్టు!" అని కంచె అవతలి నుంచి అబూ సాలెహ్ గొంతు తగ్గించి చెప్పాడు.

"పో! నడువ్! ఏయ్!" అని అరిచాను. తల్లి పిలుస్తోందనుకొని అది ఇంకా దగ్గరికొచ్చింది. బకెట్ మోగించాను, ఆటనుకొని గంతులేసింది. చివరికి నేనే పరుగెత్తాను. షెడ్డు చుట్టూ ముందు నేను, వెనక మహా. మూడో చుట్టులో నీళ్ల తొట్టి తగిలి దాంట్లోనే కూర్చుండిపోయాను. మహా తొట్టి అంచున నిలబడి ప్రేమగా నా చెవి నమలసాగింది. ఇద్రీస్ కింద వదిలేసిన గౌనును అది అంతకుముందే సగం మింగితే, అతనే దాని నోట్లోంచి లాగాడట.

డాక్టరమ్మే ఉపాయం చేసింది. పక్క దొడ్డి గేటు తెరిపించింది. దాంట్లో మహా ఈడు పిల్లలు నాలుగున్నాయి. అవి ఇసుక రేపుతూ ఒక్క ఉరుకు ఉరికాయి. మహా చెవులు నిక్కించింది. నా వైపు ఒకసారి, వాటి వైపు ఒకసారి చూసింది. అంతే, బాణంలా వాటిలో కలిసిపోయింది. మళ్లీ తల తిప్పలేదు.

"హమ్మయ్య. వెనక్కి చూడకపోతేనే మా పని అయినట్టు" అంది డాక్టరమ్మ.

నేను తొట్టిలో కూర్చునే ఉన్నాను. మొహమంతా నీళ్లే కాబట్టి నేను ఏడుస్తున్నది ఎవరికీ తెలియలేదు.

కారులో మాత్రం తెలిసింది. అబూ సాలెహ్ బండి పక్కకు ఆపాడు. "ఏమైంది మల్లేష్? నీకేం కావాలి? చెప్పు."

ఇదే అదను. 'నాకు ఇద్దరు పిల్లలున్నారు బాబా, వాళ్ల కోసమన్నా నా నౌకరీ తీయకు' అని చెప్పాలి. నోరు తెరిచాను. వెక్కిళ్ల మధ్య, "బచ్చా... ఘర్ మే... మేరా బచ్చా..." వరకే వచ్చింది.

ఆయన కళ్లు చెమ్మగిల్లాయి. నా భుజం తట్టాడు. "ఖలాస్, ఖలాస్. సమజ్ గయా."

అర్థమైందన్నాడు. ఎంత బాగా అర్థమైందో తర్వాతి వారం తెలిసింది. ఎగ్జిట్ పేర్లు చదివితే మొట్టమొదటి పేరు నాది. అబూ సాలెహ్ నన్ను గట్టిగా కౌగిలించుకొని, ఉండేవాళ్లలో ఉన్న నా పేరును తానే తీసి ఇటు వేయించానని, నా కాగితాలన్నీ స్వయంగా తిరిగి చేయించానని గర్వంగా చెప్పాడు. "పో, పిల్లల దగ్గరికి పో!" ఏమంటాను? "షుక్రన్, బాబా" అన్నాను.

గంగారామన్న నెత్తి కొట్టుకున్నాడు. "నౌకరి నిలుపుకో బిడ్డా అని తోలిస్తే, టికెట్ తెచ్చుకుంటివి గదరా!" కఫీల్ ముందు ఏనాడూ నోరు మెదపని గంగారామన్న మాత్రం ఇంకొన్నేళ్లు అక్కడే హాయిగా ఉన్నాడు.

ఇప్పుడు మెట్‌పల్లిలో ఏసీలు, ఫ్రిజ్‌లు బాగుచేసుకుంటున్నాను. రియాద్ నిద్రలో కూడా గుర్తురాదని పద్మతో అంటాను, అబద్ధం. ఆ రూము, కలిసి తిన్న ఆ పప్పు, అబూ సాలెహ్ కంచె పట్టుకొని నవ్విన నవ్వు, అన్నీ వస్తాయి. అప్పుడు ఇంటికి రాకపోయి ఉంటే మా చిన్నోడు మొన్న నా ముందు ఫోన్ పెట్టేవాడా అని కూడా అనిపిస్తుంది. కానీ అలా అంటే నా తప్పు ఒప్పయిపోతుంది కాబట్టి బయటికి అనను.

ఇందుమూలంగా నేను పెద్దల ముందు, మీ ముందు, ప్రమాణం చేసి చెబుతున్నాను: ఇక మీదట ఎవరు వాళ్ల పసిబిడ్డను చూడటానికి రమ్మన్నా, కాళ్లెన్నో అడిగి తెలుసుకోకుండా గడప దాటను. పోయిన నెల మా బావమరిదికి బిడ్డ పుడితే ఫోన్‌లో అడిగాను కూడా. అప్పటి నుంచీ అతను నాతో మాట్లాడటం లేదు.