మాటల్లేని సినిమాకు మా లక్ష్మి మాట

రుద్రూర్‌ల మా చెరుకు నరుకుతున్న రోజులు. చిరుతపులిని చెవి పట్టుకొని బోధన్ అంగడికి తోలుకపోయిన ముచ్చట కూలోళ్లకు చెప్తున్న. పులి నోరు తెరిచే జాగల నా గొంతు ఆగింది. గాలి తప్ప మాట రాలే. అందరు నవ్విండ్రు, గది గూడ కథలదే అనుకున్నరు.

నెలల తరబడి పసుపు పాలు, మిరియాల కషాయం. గరగర పోలే. నిజామాబాద్ డాక్టర్ గొంతుల అద్దం పెట్టి చూసి, "వోకల్ కార్డ్ మీద గ్రోత్ ఉంది. బయాప్సీ చెయ్యాలె" అని హైదరాబాద్ పంపిండు. అక్కడ ఆపరేషన్ చేసి తీసిండ్రు. రిపోర్ట్ వచ్చేదాక మా ఇంటామె లక్ష్మికి అన్నం సయించలే. "క్యాన్సర్ కాదు" అనంగనే నాకంటే ఎక్కువ ఏడ్చింది.

"పుండు మానేదాక మాట్లాడితే ఉన్న గొంతు గూడ పోతది" అన్నడు డాక్టర్. బుద్ధిగ నోరు మూసుకున్న. గుసగుసలు మాత్రం ఆపలే. గుసగుస మాట కాదు గదా! మళ్ల పోతే కార్డ్ వాచి ఉంది. "గుసగుస గూడ దెబ్బే! సైగలు చెయ్యి" అని కోప్పడ్డడు.

అప్పుడే పుణెల సినిమా చదువు చదివిన మా బామ్మర్ది రాజేశం కెమెరాతోటి దిగిండు. వాళ్ల బాపు, అంటే మా మామ, పోయి ఏడాది. మా చేన్ల ఆయన నాటిన చెరుకు మీద చిన్న సినిమా, ప్రయోగమట. ఆఖరి మడి నరుకుడు, ఆకు కాలవెట్టుడు, నల్లటి చేను, మోళ్లకెల్లి పచ్చటి పిలకలు. గట్టు మీద మామ తువ్వాల కప్పుకున్న మనిషి ఒకడు. మాటల్లేవు, పాటల్లేవు.

"బావా, గిప్పుడు నీ అంత మంచి మూగోడు దొరకడు. నువ్వే హీరో" అన్నడు.

సినిమా తయారైనంక, వాకిట్ల తెల్ల ధోతి తెర లెక్క కట్టి ఊరందరికి చూపెట్టిండు.

"ఏంది రాజేశం, ఫైటింగ్ లేదాయె! అన్నా, నువ్వన్న ఓ కథ చెప్పరాదే!" అన్నడొకడు నా దిక్కు తిరిగి.

నా నోరు తెరుచుకుంది. లక్ష్మి చటుక్కున అరచెయ్యి అడ్డం పెట్టింది. నలుగుర్ల ఎన్నడు మాట్లాడని మనిషి, తనే లేచింది.

"మా బాపు నాటిన చెరుకు గిది. చిన్నప్పుడు చేను కాలవెడ్తుంటె నేను ఏడ్చిన. 'పిచ్చిదానా, మోడు కింద పానముంటది' అన్నడు బాపు. సూడుండ్రి, మొలిచింది." కొంగుతోటి కండ్లు తుడుసుకొని, "ఆయన పెంచిన చెరుకు గడ ఒకటి రైలుకెక్కిస్తె, మొదలు నిజామాబాద్‌ల, కొస బోధన్‌ల ఉండె! నేనే సూసిన" అన్నది.

వాకిలంత నవ్వు. రాజేశం నవ్వుకుంటనే ఏడ్చిండు. గంత అబద్ధం నాకెన్నడు తట్టలే.

గొంతు వచ్చింది, కొంచెం బొంగురుగ. ఇప్పుడు కథ నేను మొదలువెడ్త, అలసిపోతే లక్ష్మి అందుకుంటది.

మీ గొంతు రెండు మూడు వారాలైనా బాగుకాకుంటే కషాయాలతోటి కూసోకుండ్రి, డాక్టర్‌కు చూపెట్టుండ్రి. మాట్లాడొద్దంటే గుసగుస గూడ వద్దు. మీ ముచ్చట్లు ఇంట్లోళ్లకు అప్పజెప్పుండ్రి; వాళ్లు మీకంటే మంచిగ చెప్తరు.