పది నిమిషాల సినిమాలు

దగ్గరికి జరిగి కూర్చోండమ్మా, చెబుతాను. దుబాయ్‌లో నర్సుగా ఉన్న మా అమ్మాయి దగ్గరికి వెళ్లినప్పుడు ఆసుపత్రిలో నా తలకు స్కానింగ్ తీయాలన్నారు. ఆ మిషను గొట్టంలోకి వెళ్లనని మొండికేశాను.

పక్కన తన వంతు కోసం కూర్చున్న అమెరికా పెద్దాయన ఇంగ్లీషులో ఏదో చెబితే మా అమ్మాయి తెలుగులో చెప్పింది. "వాళ్ల నాన్న హాలీవుడ్‌లో పాటల సినిమాలు తీసేవాడంటమ్మా. ఒక్కోటి పది నిమిషాలే. అసలు సినిమాకి ముందు వేసేవారంట."

"మరి ఫైటింగులు ఎక్కడ పెట్టేవాడే?"

మా అమ్మాయి అది ఇంగ్లీషులో అడిగితే ఆయన నవ్వి జవాబిచ్చాడు. అమ్మాయి మళ్లీ తెలుగులో చెప్పింది. "వాళ్ల నాన్నకి పెద్ద సినిమా ఎవరూ ఇవ్వలేదంట. జనం పది నిమిషాలు దిగులు మర్చిపోతే చాలనేవాడంట. నీ స్కానింగూ అంతసేపే, మనసులో పాడుకోమంటున్నాడు."

చర్చి పాటలు పాడుకున్నాను. మూడోది పూర్తికాకముందే బయటికి తీశారు. అప్పటికే ఆయన వెళ్లిపోయాడు. ఇప్పటికీ కుటుంబ ప్రార్థనలో ఆ తండ్రీకొడుకులను తలుచుకుంటాను. మీ ఇంట్లో ఎవరికి భయమేసినా, పక్కన అలాంటి మనిషి ఒకరుండాలి తల్లీ.