తొంభై ఒక్క గోల్స్ డిఫెండరు

ఆ రోజుల్లో నాకు తెలియని విషయమంటూ ఉండేది కాదు. అంటే అన్నీ తెలుసునని కాదు, "తెలుసా?" అని ఎవరడిగినా "తెలుసు" అనేసేదాన్ని. అమెరికాలో ఎమ్మెస్ ముగించి కొత్తగా ఉద్యోగంలో చేరినవాళ్ళలో చాలామందికి ఉండే జబ్బే ఇది, నాకు కాస్త ముదిరింది. డేటాబేసులు తెలుసా అంటే తెలుసు. కారు నడపడం తెలుసా అంటే తెలుసు (కాకినాడలో స్కూటీ నడిపాను, కారంటే దానికి రెండు చక్రాలు ఎక్కువ, అంతేగా అనుకున్నాను). ఫుట్‌బాల్ తెలుసా అంటే, ఓ, బాగా తెలుసు. తెలియదంటే ఉద్యోగం పోతుందేమో, ఉద్యోగం పోతే వీసా పోతుందేమో, వీసా పోతే పెట్టె సర్దుకోవాలేమో అని ఆ ఒక్క మాట వెనకాల ఎంత పొడుగు గొలుసో. ఆ గొలుసు నా మెడలో ఎవరూ వెయ్యలేదు, నేనే వేసుకుని తిరిగాను.

మా ఆఫీసు జార్జియా రాష్ట్రంలో, అల్ఫారెట్టా అనే ఊళ్ళో ఒక పళ్ళ డాక్టరు క్లినిక్ పై అంతస్తులో ఉండేది. మొత్తం పదకొండుమందిమి. చిన్న చిన్న క్రీడా క్లబ్బులకి వెబ్‌సైట్లు చేసిపెట్టడం, వాళ్ళ స్టేడియంలో పెద్ద తెర మీద వచ్చే బొమ్మలూ అంకెలూ తయారుచెయ్యడం మా పని. మేనేజరు ఒక అమెరికన్ ఆవిడ. ఎప్పుడూ డబ్బాలోంచి క్యారెట్ ముక్కలు తీసి నములుతూ తిరిగేది. ఆ కరకర శబ్దం నా సీటు వైపు వస్తోందంటే నేను కీబోర్డు గట్టిగా కొట్టడం మొదలుపెట్టేదాన్ని. నాకు పని నేర్పే లీడ్ కరీంనగర్ ఆయన. నేను అన్నా అనేదాన్ని, ఆయన చెల్లె అనేవాడు. అన్నకి ఫుట్‌బాల్ పిచ్చి. నాకు తెలిసిన ఆట క్రికెట్ ఒక్కటే, అది కూడా మా బాబాయి ఆడుతుంటే ప్రహరీ గోడ మీద కూర్చుని చూసినంత మేరకే. కానీ ఇంటర్వ్యూలో "బాగా తెలుసు" అని చెప్పేశాను కదా, అన్న ఆట కబుర్లు చెబుతుంటే కళ్ళు చిన్నవి చేసి, లోతుగా ఆలోచిస్తున్నట్టు తలూపేదాన్ని.

ఆ మార్చిలో మా ఊరి క్లబ్బు ఒక క్రొయేషియా ఆటగాణ్ణి తెచ్చుకుంది. పెద్ద క్లబ్బు కాదు, రెండో స్థాయి లీగులో ఆడేది. ఆయన పేరు ఇక్కడ చెప్పను; చెబితే మళ్ళీ ఇంకెవరో అనుకునే ప్రమాదం ఉంది, ఆ సంగతి ముందు ముందు తెలుస్తుంది. వయసు ముప్ఫై నాలుగు, ఆడే చోటు డిఫెన్స్. పదిహేడేళ్ళ పాటు యూరప్‌లో దేశదేశాలు తిరిగి ఆడి, చివరి మజిలీగా జార్జియా చేరాడు. ఆయన కెరీర్ మొత్తం ఒక పేజీగా తయారుచేసే పని నాకు పడింది.

అంకెలన్నీ ఒక డేటా కంపెనీ నుంచి వచ్చేవి. చూస్తే అదే పేరుతో, అదే పుట్టిన సంవత్సరంతో రెండు రికార్డులు కనిపించాయి. "ఓహో, డూప్లికేట్!" అనుకున్నాను. రెండూ కలిపేశాను. కలిపేసి, "డేటా శుభ్రం చేశాను" అని రాసి, మధ్యాహ్న భోజనంలోపే పని ముగించాను. నా ఇంజనీరింగ్ క్లాసులో ఐదుగురు శ్రీనివాస్‌లు ఉండేవారు. వాళ్ళలో ఒకడి మార్కులు ఇంకొకడికి పడి, ప్రిన్సిపాల్ గదిలో పంచాయితీ జరగడం కళ్ళారా చూశాను కూడా. అయినా క్రొయేషియాలోనూ శ్రీనివాస్‌లు ఉంటారని నాకు తట్టలేదు.

పేజీ తయారయ్యాక మొత్తం గోల్స్ తొంభై ఒకటి అని వచ్చింది. అనుమానం రాలేదా అంటే వచ్చింది, మరోలా. పదిహేడేళ్ళలో తొంభై ఒకటేనా? మా బాబాయి రైల్వే గ్రౌండులో ఒక్క ఆదివారం తొంభై నాలుగు కొట్టాడు. పాపం, ఈయనకి పెద్దగా ఆట వచ్చినట్టు లేదు, కొంచెం బాగా కనిపించనీ అని ఆ అంకెని లావుపాటి అక్షరాల్లో, బంగారు రంగులో పెట్టాను.

శనివారం మధ్యాహ్నం మొదటి మ్యాచ్. జార్జియాలో పుప్పొడి రాలే రోజులు. పార్కింగ్‌లో కార్లన్నీ పసుపు పూసి కూర్చోబెట్టినట్టున్నాయి. స్టేడియం పైనున్న అద్దాల గదిలో నేనూ అన్నా కూర్చుని తెర నడిపిస్తున్నాం. ఒక్కొక్క ఆటగాడి పేరూ వస్తోంది. చివరికి క్రొయేషియా ఆయన ఫోటో, పక్కనే బంగారు రంగులో 91. స్టేడియమంతా హోరెత్తింది. మైదానంలో నిలబడ్డ ఆయన కూడా తల తిప్పి తెర వైపు చూశాడు. ఆ చూపు ఎలాంటిదో అంత పైనుంచి నాకు కనబడలేదు.

అన్న కుర్చీ నా వైపు తిప్పాడు.

"చెల్లె, గీయన డిఫెండర్ గదా?"

"అవునన్నా."

"డిఫెండర్ తొంభై ఒక్క గోల్ కొట్టుడేంది?"

"తక్కువే కదన్నా. పాపం, ఏం చేస్తాం."

అన్న నా మొహంలోకి చూశాడు. "నీకు ఫుట్‌బాల్ తెలుసన్నవ్ గదా?" అన్నాడు నెమ్మదిగా.

తరువాతి ఐదు నిమిషాల్లో నాకు ఫుట్‌బాల్ తెలిసింది. డిఫెండర్ అంటే గోల్ కొట్టేవాడు కాదట, అవతలివాళ్ళని కొట్టనివ్వకుండా అడ్డుపడేవాడట; కెరీర్ మొత్తం మీద నాలుగైదు గోల్స్ ఉంటే అదే గొప్పట. ల్యాప్‌టాప్ తెరిచి ఆ రెండు రికార్డులూ చూశాను. ఒకాయన స్ప్లిట్ నగరం దగ్గర సముద్రపు ఒడ్డు ఊళ్ళో పుట్టాడు, ఇంకొకాయన దేశానికి అటు చివర ఓసియెక్‌లో. మన డిఫెండరు గోల్స్ నాలుగు. మిగతా ఎనభై ఏడూ ఆ రెండో ఆయనవి. ఆయన స్ట్రైకర్, గోల్స్ కొట్టడమే ఆయన ఉద్యోగం.

కిందేమో జనం అప్పటికే మొదలుపెట్టేశారు. క్రొయేషియా ఆయన కాలికి బంతి తగిలితే చాలు, "షూట్! షూట్!" అని అరుపులు. గోల్ ఆ చివర, ఈయన ఈ చివర. ఆయన కంగారుగా అటూ ఇటూ చూసి బంతిని సొంత గోల్‌కీపర్‌కి ఇచ్చేసేవాడు. జనం ఉస్సూరుమనేవారు.

"సోమవారమే మేనేజర్‌కి చెప్పెయ్. దాస్తే ఇంక పెద్దగైతది," అన్నాడు అన్న.

"చెబుతానన్నా," అన్నాను. చెప్పలేదు. ఆ నెలలోనే మా కంపెనీ నా హెచ్-వన్-బీ వీసా రిజిస్ట్రేషన్ పంపాలి; అలా వచ్చిన పేర్లలోంచి లాటరీ తీస్తారు. ఇలాంటి సమయంలో నేనే వెళ్ళి, మేడమ్, నేను ఇద్దరు మనుషుల్ని ఒకణ్ణి చేశానని ఎలా చెప్పను? ఎవరికీ చెప్పకుండా వెబ్‌సైట్‌లో అంకె మార్చేసి, చేతులు దులుపుకున్నాను. కానీ జనం బుర్రల్లో అంకె మార్చే సాఫ్ట్‌వేర్ నా దగ్గర లేదు. స్థానిక పత్రికవాళ్ళు రాసేశారు, వ్యాఖ్యాత ప్రతి ఐదు నిమిషాలకీ గుర్తుచేశాడు. రెండో శనివారానికి గ్యాలరీలో దుప్పటంత గుడ్డ మీద "91" అని రాసి వేలాడదీశారు.

ఆ రెండో మ్యాచ్‌లోనే ఘోరం జరిగింది. ఆట ఇంకో పది నిమిషాల్లో ముగుస్తుందనగా, స్కోరు ఒకటి ఒకటి ఉండగా, మావాళ్ళకి పెనాల్టీ దొరికింది. అంటే గోల్ ఎదురుగా బంతి పెట్టి, గోల్‌కీపర్ ఒక్కడే అడ్డంగా ఉండగా తన్నే అవకాశం. స్టేడియమంతా లేచి నిలబడి ఆయన పేరే అరిచింది. మా కెప్టెన్, పాపం, అతను కూడా తెర చూసినవాడే, బంతి తీసుకొచ్చి ఈయన చేతుల్లో పెట్టాడు. ఈయన వద్దని చెయ్యి ఊపాడు. అరుపులు పెరిగాయి. చివరికి బంతి కింద పెట్టి, అప్పగింతల వేళ పెళ్ళికూతురు అడుగులేసినట్టు వెనక్కి నాలుగడుగులు వేసి, పరుగెత్తుకొచ్చి తన్నాడు.

బంతి గోల్ పైనుంచి, గ్యాలరీ పైనుంచి, స్కోరు తెర పైనుంచి ఎగిరి పార్కింగ్‌లో పడింది. ఎక్కడో ఒక కారు అలారం మోగడం మొదలైంది. అంతమంది జనం మధ్య ఆ ఒక్క శబ్దమే. మ్యాచ్ డ్రా అయింది. తలవంచుకుని బయటికి నడిచిపోతున్న ఆయన్ని చూసి నా కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఆ తన్ను తన్నింది ఆయన కాదు, నేను.

సోమవారం పొద్దున్నే మేనేజర్ గదిలోకి వెళ్ళి, ఊపిరి బిగబట్టి మొత్తం చెప్పేశాను. ఆవిడ నమలడం ఆపింది. ఏడాది మొత్తంలో ఆవిడ నమలడం ఆపగా చూడటం అదే మొదటిసారి.

"ఎన్ని రోజులుగా తెలుసు నీకు?"

"తొమ్మిది రోజులు."

"తప్పు చేసినందుకు నాకు కోపం లేదు. ఆ తొమ్మిది రోజులకి ఉంది," అంది. "ఎందుకు చెప్పలేదు?" అని అడిగింది.

"హెచ్-వన్-బీ... రిజిస్ట్రేషన్... ఇంకా పంపలేదు కదా అని..."

"ఓ, అదా? అది పోయిన మంగళవారమే పంపించేశాం. నీకు ఈమెయిల్ రాలేదా?"

వచ్చిందట. భయంతో ఆ వారమంతా కంపెనీ నుంచి వచ్చిన మెయిళ్ళేవీ తెరవలేదు. నేను అక్కడే కుర్చీలో కూలబడ్డాను. ఆవిడ క్యారెట్ డబ్బా నా వైపు జరిపింది. "ఒకటి తిని, లే. క్లబ్బుకి నేను ఫోన్ చేస్తాను. ఆయనకి మాత్రం నువ్వే వెళ్ళి చెప్పు."

మధ్యాహ్నం అన్న తన కార్లో ప్రాక్టీసు మైదానానికి తీసుకెళ్ళాడు. ఆయన బెంచీ మీద కూర్చుని మోకాలికి ఐసు సంచీ కట్టుకుంటున్నాడు. దగ్గరికెళితే మనిషి తలుపంత ఉన్నాడు. నేను దారిపొడవునా బట్టీపట్టిన క్షమాపణ మొదలుపెట్టాను. మూడో వాక్యంలో ఆయన చెయ్యెత్తి ఆపాడు.

"ఓసియెక్ వాడి గోల్స్ నాకిచ్చింది నువ్వేనా?" అన్నాడు ముక్కలు ముక్కలుగా వచ్చే ఇంగ్లీషులో.

"మీకు తెలుసా, సర్?"

"మొదటి రోజే తెలుసు. పదిహేనేళ్ళుగా వాడి ఉత్తరాలు నాకు, నావి వాడికి వస్తున్నాయి."

తరువాత చెప్పిన కథ నేను ఇప్పటికీ ఎవరికి చెప్పినా నమ్మరు. ఈయన తండ్రి ఓడలకి వెల్డింగ్ చేసేవాడట. పదిహేడో ఏట మొదటి కాంట్రాక్టు. రాజధాని జాగ్రెబ్‌లో రెండేళ్ళు బెంచీ మీద కూర్చోవడానికే సరిపోయింది. ఒక రోజు సైప్రస్ నుంచి ఒక క్లబ్బువాళ్ళు ఫోన్ చేసి, మాతో చేరతావా అన్నారు. వెంటనే సంతకం పెట్టి, పెట్టెలతో విమానం దిగాడు. మొదటి ప్రాక్టీసులో కోచ్ వచ్చి, "ఏదీ, గోల్ కొట్టు" అన్నాడు. పది తన్నితే పదీ బయటికే. అప్పుడు తెలిసిందట, వాళ్ళకి కావలసింది ఓసియెక్ ఆయన అని.

"అయ్యో! పంపించేశారా?"

"పెట్టెలు విప్పేశాను కదా, ఎలా వెళతాను? వాళ్ళ డిఫెండర్‌కి కాలు విరిగింది, నన్ను అక్కడ నిలబెట్టారు. మూడేళ్ళు ఉన్నాను. తరువాత ఆస్ట్రియా, తరువాత పోలాండ్. అక్కడి చలికి ఈ మోకాలు ఒప్పుకోలేదు." ఐసు సంచీ సర్దుకున్నాడు. "ఆ పొరపాటు జరగకపోతే నేనూ మా నాన్నలాగా వెల్డింగ్ చేసుకుంటూ ఉండేవాణ్ణి."

నాకు నవ్వాలో వద్దో తెలియలేదు. అన్న మాత్రం పగలబడి నవ్వాడు. "మరి మొదటి రోజే ఎందుకు చెప్పలేదు, భాయ్?" అని అడిగాడు.

ఆయన కొంచెం సిగ్గుపడ్డాడు. "డిఫెండర్ బాగా ఆడితే మర్నాడు పేపర్లో వాడి పేరు ఉండదు. తప్పు చేస్తేనే ఉంటుంది. పదిహేడేళ్ళలో నా కాలికి బంతి తగిలితే జనం సంతోషంగా అరవడం నేను వినలేదు. ఇంకొక్క మ్యాచ్ విందాం అనుకున్నాను." మైదానం వైపు చూసి, "పెనాల్టీ ఇస్తారని అనుకోలేదు," అన్నాడు.

అంటే నేను తొమ్మిది రోజులు దాచిన సంగతినే ఆయన కూడా తొమ్మిది రోజులు దాచాడన్నమాట. గుండె మీంచి పెద్ద బండ దిగినట్టయింది. సరిచేసిన పేజీ చూపించాను. ఆయన కళ్ళజోడు పెట్టుకుని పరీక్షగా చూసి, "నాలుగు తప్పు. ఐదు," అన్నాడు.

"రికార్డులో నాలుగే ఉన్నాయి, సర్."

"ఆస్ట్రియాలో ఒకటి నా వీపుకి తగిలి లోపలికెళ్ళింది. వేరేవాడి పేరు రాసుకున్నారు."

"రుజువేమైనా ఉందా?" (ఒకసారి కాలింది కదా.)

"రుజువా?" అని ఆయన లేచి, వెనక్కి తిరిగి, తన వీపు చూపించాడు.

ఆ గోల్ కలపలేదు. అందుకు ఆయనకి కొన్నాళ్ళు నా మీద నిజంగానే కోపం వచ్చింది.

మూడో మ్యాచ్‌కి ముందు క్లబ్బువాళ్ళు మైకులో పొరపాటు ఒప్పుకున్నారు. తెర మీద ఆయన ఫోటో పక్కన 4 వేశాం. జనం గోల చేస్తారేమోనని అద్దాల గదిలో కుర్చీ అంచు పట్టుకుని కూర్చున్నాను. ముందు నవ్వారు. తరువాత చప్పట్లు కొట్టారు. చివరి నిమిషాల్లో మావాళ్ళు ఒక గోల్ ముందున్నారు. అవతలివాడు మా గోల్‌కీపర్‌ని దాటేసి ఖాళీ గోల్ వైపు బంతి తన్నాడు. అప్పుడు ఆ పాత మోకాళ్ళతో ఈయన ఎక్కణ్ణుంచి వచ్చాడో తెలియదు, నేల మీద జారుకుంటూ వచ్చి, గీత మీదే బంతిని బయటికి తన్నేశాడు. నేను కుర్చీలోంచి లేచి కాకినాడ మొత్తం వినబడేలా అరిచాను. ఆ అరుపు అంకె చూసి వచ్చింది కాదు. మొట్టమొదటిసారి నాకు ఆట కనబడింది.

సీజన్ ముగిశాక ఆయన ఆట మానేసి ఇంటికి వెళ్ళిపోయాడు. నాకు ఆ ఏడు లాటరీలో పేరు రాలేదు, మరుసటి ఏడు వచ్చింది, ఆకాశమేమీ విరిగిపడలేదు. సీజన్ చివరి రోజు అన్న తీసిన ఫోటో ఒకటి నా దగ్గరుంది. తలుపంత మనిషి నా ఎత్తుకి వంగి హాయిగా నవ్వుతుంటాడు. పక్కన నేనేమో చెవులు కనబడేలా జుట్టు వెనక్కి దువ్వుకుని, పెదాలు బిగించి, పాస్‌పోర్టు ఫోటోకి నిలబడ్డట్టు నిటారుగా ఉంటాను. ఆ అమ్మాయిని చూస్తే నవ్వొస్తుంది, కాస్త జాలీ వేస్తుంది. అంత భయం దేనికే పిల్లా, కొంచెం నవ్వు, అని చెప్పాలనిపిస్తుంది. చెప్పినా వినదు. "నవ్వడం నాకు తెలుసండీ," అంటుంది.