పంటర్ పరుగెత్తిన రోజు

కొందరి కొంప మెల్లగా, చెద పట్టినట్టు కూలుతుంది. నా కొంప మాత్రం మెల్బోర్న్‌లో, పట్టపగలు, స్టేడియం నిండా జనం చూస్తుండగా, మా అమ్మ చేగోడీల డబ్బా ఒళ్ళో పెట్టుకుని మరీ చూస్తుండగా, ఒక్క క్షణంలో కూలింది. కూల్చింది పగవాళ్ళు కాదు, నా కుడిచెయ్యే. ఆ వీడియో మీలో చాలామంది చూసే ఉంటారు. నవ్వి, మీ బావమరిదికి పంపించి కూడా ఉంటారు. ఏం పర్వాలేదు. వీడియో చూసినవాళ్ళకి నేనెవరో తెలియదు, నేనెవరో తెలిసినవాళ్ళు మొహమాటానికి అడగరు. అందుకని నేనే చెప్పేస్తున్నాను.

నా పేరు వంశీ. మాది తెనాలి. నాకు ఏడేళ్ళప్పుడు మావాళ్ళు మెల్బోర్న్ వచ్చి క్రాన్‌బర్న్‌లో స్థిరపడ్డారు. అక్కడి పిల్లలు ఆడేది ఫుటీ. కోడిగుడ్డు లాంటి బంతి. చేత్తో పట్టుకోవచ్చు, కాలితో తన్నొచ్చు, అవసరమైతే ఎదుటివాడి మీద ఎక్కి తొక్కొచ్చు. నన్ను ప్రాక్టీసుకి తీసుకెళ్ళేది మా శేఖర్ మామయ్య, అమ్మకి తమ్ముడు. ఆ ఆటలో ఆయనకి తెలిసిన రూలు ఒక్కటే. బంతి పట్టుకుని పరిగెత్తేవాడు ఓ పదిహేను మీటర్లకొకసారి దాన్ని నేలకి కొట్టి మళ్ళీ పట్టుకోవాలి, లేదంటే ఫౌలు. నేనేమో పరుగు ధ్యాసలో మర్చిపోయేవాణ్ణి. ఆయన ఆఫీసు టై కూడా విప్పకుండా కంచె పట్టుకుని, "బౌన్స్ రా! బౌన్స్ చెయ్ రా సన్నాసీ!" అని ఊరంతా వినపడేలా అరిచేవాడు. ఆ అరుపు నా ఎముకల్లోకి ఇంకిపోయింది. పుట్టుకతో వచ్చిన బుద్ధి పుడకలతో గాని పోదంటారు. కంచె దగ్గర పట్టుబడిన బుద్ధి అంతకన్నా మొండిది.

పెద్దయ్యాక తేలిందేమిటంటే, నేను ఫుటీ పెద్ద జట్లలోకి ఎక్కేంత వేగంగా పరిగెత్తలేను. తన్నడం మాత్రం వచ్చు. బంతిని తంతే అది ఆకాశంలో కాఫీ తాగి, పేపరు చదివి, అప్పుడు దిగేది. ఆ తన్ను చూసి ఒక పెద్దమనిషి, "అమెరికాలో వాళ్ళ ఫుట్‌బాల్ ఉంది, అందులో తన్నడానికే ఒక ఉద్యోగం ఉంది" అన్నాడు. దాని పేరు పంటర్.

వాళ్ళ ఆటలో బంతి ఉన్న జట్టుకి పది గజాలు ముందుకెళ్ళడానికి నాలుగు అవకాశాలు. మొదటి మూడూ వృథా అయితే నాలుగోదానికి పంటర్ వచ్చి, బంతిని వీలైనంత దూరం తన్ని ఎదుటివాళ్ళకి అప్పజెప్పి పోతాడు. అంటే మనవాళ్ళకి చేతకానప్పుడే నాకు పని. పెళ్ళికి పిలవకుండా కర్మకి మాత్రమే కబురుపెట్టే పురోహితుడి ఉద్యోగమన్నమాట. నేను మైదానంలోకి నడిచి వస్తుంటే మా జట్టు అభిమానులే ఉసూరుమనేవారు.

దీన్ని మా అమ్మ క్రాన్‌బర్న్‌లో అందరికీ చెప్పుకునేది. ఇక్కడ ఇంకో తిరకాసు ఉంది. ఆస్ట్రేలియాలో పంటర్ అంటే పందేలు కాసేవాడు.

"మావాడు అమెరికాలో పంటర్ అండీ" అని అమ్మ అంటే, పక్కింటి సునీత ఆంటీ గుండె మీద చెయ్యి వేసుకుంది.

"అయ్యో వదినా! గుర్రప్పందాలా?"

"గుర్రాలు కాదండీ, బంతి."

"బంతి మీద కూడా కాస్తారా?"

"కాయడం కాదు, తన్నడం."

"ఎవరిని?"

అమ్మ ఆ తర్వాత "అమెరికాలో జాబ్" అని ఊరుకోవడం మొదలుపెట్టింది.

కాలేజీ జట్టులో తన్నాను. ఆ తర్వాత ప్రొఫెషనల్ జట్లు. మొదటిది నెలరోజుల్లో పంపించేసింది. రెండోది మర్యాదగా ఇంకొన్నాళ్ళు ఉంచి పంపించేసింది. మూడోది ఉంచుకుంది. పేరు చెప్పను, వాళ్ళ లాయర్లు నాకంటే వేగంగా పరిగెత్తుతారు. అక్కడ పంటర్‌నీ, అతనికి వెనక్కి బంతి విసిరే స్నాపర్‌నీ కలిపి స్పెషల్ టీమ్స్ అంటారు. స్పెషల్ అంటే మనం పొంగిపోతాం. అన్నం వేరే బల్ల మీద పెడతారని అర్థం. మిగతా ఆటగాళ్ళు రెండేళ్ళయినా నా పేరు నేర్చుకోలేదు. మా కోచ్ నన్ను దేశం పేరు పెట్టి పిలిచేవాడు.

"ఆస్ట్రేలియా! నీ పనేంటి?"

"పట్టుకో, తన్ను, తప్పుకో. కోచ్."

"పరుగు ఉందా అందులో?"

"లేదు, కోచ్."

నా స్నాపర్ పేరు డేల్. ఎద్దులాంటి మనిషి, పిల్లి లాంటి గుండె. పగలంతా అతను కాళ్ళ సందులోంచి వెనక్కి బంతి విసరడం, నేను పట్టుకుని తన్నడం. ఈ లోకంలో మా ఇద్దరి తప్పులు మాకిద్దరికే అర్థమయ్యేవి.

ఇంతలో ఆ లీగ్ వాళ్ళకి బుద్ధి పుట్టి, ఒక మ్యాచ్ తీసుకొచ్చి మెల్బోర్న్‌లో పెట్టారు. అదీ మా జట్టుదే! పోస్టర్ల మీద నా బొమ్మ వేశారు. అమెరికాలో నన్నెవరూ గుర్తుపట్టని లోటంతా ఇక్కడ తీరిపోయింది. నేనేమో ఉబ్బి, పొంగి, పూరీలాగా అయ్యాను. విమానంలో కోచ్ నా పక్కన కూర్చుని, "నీ చోటుకి ఇంకో కుర్రాణ్ణి చూసి పెట్టాం, నీకు తెలియాలి కదా అని" అన్నాడు. పూరీకి సూది గుచ్చాడు. సరే, ఊళ్ళో బాగా ఆడితే ఆ కుర్రాడి సంగతి వాళ్ళే మర్చిపోతారనుకున్నాను.

మామయ్య క్రాన్‌బర్న్ తెలుగువాళ్ళని బస్సుల్లో ఎక్కించి, వెనక తన కారులో వచ్చాడు. వాట్సాప్‌లో ఆట వివరించాడు కూడా: "మనవాడు గ్రౌండ్‌లోకి వచ్చాడంటే మనం దెబ్బతింటున్నట్టు. అయినా అందరూ క్లాప్స్ కొట్టాలి, ప్లీజ్."

ఆ మధ్యాహ్నం నేను బాగా తన్నాను. ఈ మాట ఇంకెవరూ చెప్పరు కాబట్టి నేనే చెబుతున్నాను. బంతులన్నీ గీతల దగ్గరకెళ్ళి కూర్చున్నట్టు పడ్డాయి. ఆట చివరికొచ్చింది. మేం మూడు పాయింట్లు ముందున్నాం, గడియారంలో రెండు నిమిషాలైనా లేవు. ఎదుటివాళ్ళకి ఆట ఆపించే అవకాశాలు కూడా అయిపోయాయి. మావాళ్ళు మూడు అవకాశాలూ తగలేశారు. నన్ను పిలిచారు. నేను తన్ని వచ్చేస్తే సగం గెలిచినట్టే.

డేల్ బంతి విసిరాడు. ఎప్పుడూ నా గుండెకి వచ్చే బంతి, ఆ రోజు నా కుడిపక్క నేల మీదకొచ్చింది. వంగి తీసుకుని తల ఎత్తేసరికి ఎదురుగా బీరువా అంత మనిషి చేతులు చాపి వస్తున్నాడు. తన్నితే బంతితో పాటు నన్నూ మింగేస్తాడు. పక్కకి తప్పుకున్నాను. బీరువా దాటిపోయింది. చూస్తే ముందంతా పచ్చగడ్డి. ఒక్క నరమానవుడు లేడు!

పరిగెత్తాను.

మాకు కావలసిన పది గజాల గీత దాటాను. ఇక్కడే మీరు ఊపిరి బిగబట్టాలి. ఎందుకంటే అక్కడ నేను చెయ్యాల్సింది ఒక్కటే. బంతి పొట్ట కింద పెట్టుకుని బోర్లా పడుకోవడం. పడుకుంటే మళ్ళీ మాకే అవకాశాలు, గడియారం అయిపోతుంది, మేం గెలుస్తాం, ఊరంతా నన్ను భుజాల మీద మోస్తుంది. లోకంలో పడుకుంటే చాలు గెలిచే అవకాశం ఎంతమందికి వస్తుంది చెప్పండి?

కానీ అది మెల్బోర్న్ గడ్డి. చిన్నప్పటి వెలుతురు. చుట్టూ ఆ ఊరి గోల. ఆ గోలలోంచి "బౌన్స్ రా!" అని వినపడిందని ఇప్పటికీ ప్రమాణం చేసి చెప్పగలను. నా కాళ్ళు ఎంత దూరం వచ్చాయో నా చెయ్యి లెక్క కట్టుకుంది. నన్ను అడగలేదు. బంతిని ముందుకి వంచి, ముచ్చటగా, పాఠ్యపుస్తకంలో బొమ్మ వేసుకోదగినట్టుగా నేలకి కొట్టింది.

స్టేడియం హోరెత్తిపోయింది. మొదట్నించీ ఆగి ఆగి సాగే ఆ ఆటలో మెల్బోర్న్ జనానికి అర్థమైన మొదటి దృశ్యం అదే. మా అమ్మ లేచి నిలబడి చప్పట్లు కొట్టిందట.

ఫుటీ బంతి కొస మొద్దుగా ఉంటుంది. కొడితే బుద్ధిమంతురాలైన కోడలిలా చేతిలోకి తిరిగొస్తుంది. అమెరికా బంతి కొస సూదిగా ఉంటుంది. అది అలిగిన అల్లుడిలా పక్కకి తిరిగి, ఎగిరి, ఎదుటి జట్టువాడి చంకలోకి వెళ్ళి కూర్చుంది. వాడు దాన్ని చూశాడు, నన్ను చూశాడు. నిజమేనా అన్నట్టు ఒక్క క్షణం ఆగాడు కూడా, పాపం. తర్వాత మా వైపు చివరి గీత దాకా పరిగెత్తాడు, దానికి ఆరు పాయింట్లు. ఆపడానికి అక్కడ ఎవరూ లేరు. ఓడిపోయాం.

మైదానం నుంచి లోపలికెళ్ళే దారిలో కోచ్ నా కోసం ఆగాడు. అరవలేదు. అరిచినా బాగుండేది.

"ఏమిటది?"

"బౌన్స్, కోచ్."

"ఎందుకు?"

"రూలు, కోచ్."

"ఎవరి రూలు?"

"ఇక్కడి రూలు."

"అయితే ఇక్కడే ఉండు" అని వెళ్ళిపోయాడు.

నేను నిజంగానే అక్కడే నిలబడ్డాను. అర్థం చేసుకోండి, రెండేళ్ళుగా ఆయన ఏం చెబితే అదే చేస్తున్నాను. చాలాసేపటికి చీపురు పట్టుకున్న ఒకాయన వచ్చి, "మేట్, మీ బస్సు వెళ్ళిపోయిందే!" అన్నాడు. అప్పుడు తెలిసింది నాకు, "ఇక్కడే" అంటే ఆ దారి కాదని. దేశం. వెనక్కి వెళ్ళే విమానంలో నాకు సీటు లేదని జట్టు మేనేజరు ఫోన్లో చెప్పాడు. "నీకు ఇల్లు దగ్గరే కదా" అని కూడా అన్నాడు, ఓదార్పుగా.

మామయ్య కారులో హోటల్‌కి తీసుకెళ్ళాడు. డేల్ నా సంచి కిందకి పట్టుకొచ్చి ఇచ్చాడు.

"నా స్నాపే తేడాగా వచ్చింది. కోచ్‌తో చెబుదామనుకున్నాను" అన్నాడు.

"చెప్పావా?"

అతను తన బూట్లు చూసుకున్నాడు. "నాకిద్దరు పిల్లలు, వంశీ."

రెండేళ్ళలో నా పేరు సరిగ్గా పలకడం అదే మొదటిసారి. అతని మీద కోపం తెచ్చుకుందామని చాలా ప్రయత్నించాను, రాలేదు. నేనైనా బూట్లే చూసుకునేవాణ్ణి. నాకొచ్చింది అసూయ. రేపు పొద్దున అతను విమానం ఎక్కుతాడు.

కారు ఇంటివైపు తిప్పాడు మామయ్య. డాండెనాంగ్ దాటాక అన్నాడు:

"నేను అరవలేదురా."

"నేను నిన్నేమన్నా అన్నానా మామయ్యా?"

"అనలేదు. అందుకే చెబుతున్నా." ఇంకో సిగ్నల్ దగ్గర ఆగాక, "ఏమో రా. అలవాటు కదా, నోట్లోంచి వచ్చేసిందేమో. నాకే తెలీట్లేదు" అన్నాడు.

"అంతమందిలో నీ గొంతు నాకెలా వినపడుతుంది? పోనివ్వు" అన్నాను. పోనిచ్చింది కారునే. మాటని ఇద్దరం పట్టుకునే ఇంటికెళ్ళాం.

అమ్మ అన్నం పెట్టింది. పప్పు వేసి, నెయ్యి వేసి, ఎదురుగా కూర్చుని చాలాసేపు ఆలోచించి, "ఆ తన్నేదేదో ముందే తన్నేస్తే పోయేదిగా నాన్నా" అంది. టీవీలో కోటు వేసుకున్న నిపుణులు వారం పాటు కొట్టుకుని తేల్చింది కూడా ఇదే.

ఇంకో జట్టు ఏదైనా పిలుస్తుందనుకున్నాను. పూటకోసారి పలకరించే నా ఏజెంటు ఫోన్ ఎత్తడం మానేశాడు. పిలిచింది ఒక్క పరుపుల కంపెనీ, ప్రకటనలో వాళ్ళ పరుపు మీద బంతి బౌన్స్ చెయ్యమని. ఉగాది ఫంక్షన్‌లో నాకు పేరు కూడా పెట్టారు: చెక్‌బౌన్స్. "ఏం చెక్‌బౌన్స్ బాబూ, బాగున్నావా?" అని నా భుజం తట్టే అంకుల్స్‌కి నేను చిన్నప్పుడు కాళ్ళకి దణ్ణం పెట్టినవాణ్ణే. సునీత ఆంటీ మాత్రం, "పోన్లే వదినా, ఆ పందేలు మానేశాడు, అదే పదివేలు" అందట. నేను తన్నిన వందల బంతులు ఎక్కడ పడ్డాయో ఎవరికీ అక్కర్లేదు. లోకం గుర్తుపెట్టుకున్నది నేను తన్నని ఒక్కదాన్నే. ఇప్పుడు ఒక గోడౌన్‌లో ఫోర్క్‌లిఫ్ట్ నడుపుతున్నాను. అది వేగంగా పోదు, ఎగరదు. దాన్ని చూసి ఎవరూ చప్పట్లు కొట్టరు.

ఇక్కడితో అయిపోతే ఇది దురదృష్టం అనుకునేవాణ్ణి. మరుసటి చలికాలం మా పాత ఫుటీ క్లబ్బువాళ్ళు, మూడో గ్రేడు జట్టుకి ఒక మనిషి తక్కువయ్యాడని ఫోన్ చేశారు. మామయ్యని రమ్మన్నాను. నడుం నొప్పి అన్నాడు. నమ్మినట్టు నటించాను.

చివరి క్వార్టర్లో, మేం ఒక్క పాయింటు ముందుండగా, బంతి నా చేతికొచ్చింది. ముందు గడ్డి ఖాళీ. పరుగందుకున్నాను. కంచె పొడుగునా అందరూ ఒకటే గోల, "బౌన్స్! బౌన్స్!" అని. వెక్కిరిస్తున్నారనుకున్నాను. ఈసారి మోసపోయేది లేదు! బంతిని నెలల బిడ్డలా రెండు చేతులా గుండెకి హత్తుకుని, పళ్ళు బిగించి, కళ్ళ ముందు కోచ్ మొహం పెట్టుకుని పరిగెత్తాను. పరిగెత్తాను. పరిగెత్తుతూనే ఉన్నాను. ఈల మోగింది.

"టూ ఫార్, మేట్" అన్నాడు అంపైరు. "బౌన్స్ చెయ్యాలి."

"చెయ్యకూడదు" అన్నాను రొప్పుతూ.

"ఎవరి రూలది?"

ఇలాంటి ప్రశ్నకి ఒకసారి జవాబు చెప్పి చూసినవాణ్ణి. ఈసారి నోరు మూసుకుని బంతి ఇచ్చేశాను. వాళ్ళు దాన్ని తిన్నగా తన్ని గోల్ చేసుకున్నారు. రెంటికీ చెడ్డ రేవడి అనే మాట వినేటప్పుడు, ఆ రేవడి ఎవరో అని చిన్నప్పుడు అనుకునేవాణ్ణి. ఇప్పుడు అతని జెర్సీ నెంబరు కూడా నాకు తెలుసు.

కాబట్టి ఇందుమూలంగా యావన్మందికీ తెలియజేయడమేమనగా: తెనాలి వాస్తవ్యుడను, ప్రస్తుతం క్రాన్‌బర్న్ నివాసిని అయిన వంశీ అను నేను, స్థిరబుద్ధితో, ఎవరి బలవంతమూ లేకుండా ప్రతిజ్ఞ చేస్తున్నాను. ఇకమీదట ఏ దేశంలోనైనా, ఏ ఆకారంలోనైనా ఒక బంతి నా చేతిలో పడితే, ముందు అక్కడున్న పెద్దల్ని "అయ్యా, ఇది ఏ ఆట?" అని వినయంగా అడిగి తెలుసుకుని, ఆ తర్వాతే ఓడిపోతాను.