రెండు బడులు, ఒక భోజలీ

ఇరవై మూడేళ్ల వయసులో, నన్ను మించిన టీచరు మధ్యప్రదేశ్ మొత్తంలో లేదని నా గట్టి నమ్మకం. అప్పటికింకా మా రాయ్‌పూర్ మధ్యప్రదేశ్‌లోనే ఉండేది కాబట్టి పోటీ పెద్దదే.

మా నాన్న రైల్వేలో ఫిట్టరు. శ్రీకాకుళం నుంచి వచ్చి గుఢియారీలో పట్టాల పక్కన కాపురం పెట్టాడు. నేను పొద్దున్నే బస్సెక్కి ధర్సీవాలో దిగి, అక్కడి రిపేరు షాపులో ఉంచిన సైకిల్ తీసుకుని, పొలాల మధ్య మట్టిరోడ్డు మీద తొక్కుకుంటూ నా బడికి పోయేదాన్ని. బడి అంటే ఒక గది, ఒక వసారా, పెంకుల కప్పు, నేను. ఐదు తరగతులకూ నేనొక్కదాన్నే. వాన పడితే తరగతులన్నీ ఒక మూలకి సర్దుకునేవి, మిగిలిన మూడు మూలల్లో బాల్చీలు ఉండేవి.

నాలా, అంటే వాగు, దాటితే అవతలి ఊళ్లో ఇంకో బడి. దానికి సిమెంటు కప్పు ఉంది, చేతిపంపు ఉంది, అన్నిటికీ మించి గ్లోబు ఉంది. అక్కడి హెడ్‌మిస్ట్రెస్ నాకంటే నాలుగేళ్లు పెద్దది, ఆ ఊరి ఆడపడుచే. బ్లాకు ఆఫీసులో మీటింగంటే చాలు, మేమిద్దరం ఉప్పూ నిప్పూ. బ్లాకు మొత్తానికి వచ్చిన ఆ ఒక్క గ్లోబునీ నేను సరిగ్గా చూసేలోపే ఆవిడ చంకన పెట్టుకుని పోయింది. పైగా నన్ను 'మదరాసిన్ బహెన్‌జీ' అనేది, అంటే మద్రాసు టీచరమ్మ. శ్రీకాకుళమెక్కడ, మద్రాసెక్కడ, ఆ గ్లోబులో చూసుకోండి అన్నాను. "నీ దగ్గర లేదుగా, వచ్చి నా దాంట్లోనే చూపించు" అంది. నాకు ఒళ్లు మండిపోయింది. ఆ మంటతో ఆ రోజు సైకిల్ మామూలు కంటే చాలా వేగంగా తొక్కాను.

ఆ సంవత్సరం బడులు తెరిచిన నెలకే ఆర్డరు వచ్చింది. పిల్లలు తక్కువగా ఉన్న బడుల్ని పక్క ఊరి బడుల్లో కలిపేస్తారట. మా బడి మూత. రాఖీ వెళ్లిన సోమవారం నుంచి పిల్లలంతా నాలా దాటి వెళ్లాలి, నేను వెళ్లి ఆవిడ కింద అసిస్టెంటుగా పనిచేయాలి. మొదటి రోజంతా నా పరువు గురించే ఏడ్చాను, అబద్ధమెందుకు. రెండో రోజు హాజరు వేస్తుంటే అసలు సంగతి తట్టింది. మగపిల్లలకేం, నాలాలో ఈదుకుంటూ అయినా పోతారు. నా బడిలో పదకొండు మంది ఆడపిల్లలున్నారు. వాళ్లను ఆ ఊరికి ఎవరు పంపుతారు?

రెండు ఊళ్లకీ పడదు. రెండు తరాల కింద ఒక పెళ్లివిందులో బరాలు, అంటే మన గారెలే, మగపెళ్లివారి బంతికి చాలలేదట. అది మొదలు పిల్లనిచ్చింది లేదు, తెచ్చుకున్నది లేదు. నేను ఇల్లిల్లూ తిరిగాను. ప్రతి గడపలోనూ ఒకటే జవాబు: "దాయిని అడగండి." దాయి అంటే మా బడి ఉన్న ఊరి పెద్ద ముసలమ్మ. పదకొండు మందిలో ముగ్గురు ఆవిడ మనవరాళ్లు. మిగిలిన ఎనిమిది మంది తల్లులూ ఆవిడ గీసిన గీత దాటరు. ఆవిడ నా చేతికి మంచినీళ్ల చెంబిచ్చి, ఎంతో మర్యాదగా, "ఆ ఊళ్లో మాకెవరున్నారు బహెన్‌జీ? నోనీలకి, ఈ ఆడపిల్లలకి, దెబ్బ తగిలితే ఎవరింటికి పోతారు?" అంది. చెంబు ఖాళీ చేసి వచ్చేశాను. రాని పిల్లల పేర్లు రిజిస్టరులో కొట్టేయమని బ్లాకు ఆఫీసులో తేల్చి చెప్పారు.

రాఖీ మర్నాడు భోజలీ పండగ. వెలుతురు తగలకుండా బుట్టల్లో పెంచిన గోధుమ మొలకల్ని ఆడపిల్లలు నెత్తిన పెట్టుకుని, పాడుకుంటూ పోయి నీళ్లలో కలుపుతారు. నా పిల్లలు నన్ను వదల్లేదు. "వచ్చే ఏడు మీరెక్కడో, మేమెక్కడో" అని ఒకత్తి అనేసరికి నెత్తిన బుట్ట పెట్టించుకున్నాను. నాలాకి ఇవతలి గట్టున మేం, అవతలి గట్టున వాళ్లు. నీళ్లు మోకాళ్ల దాకా కూడా లేవు. మొలకలు కడుగుతూ కడుగుతూ తలెత్తితే ఎదురుగా గ్లోబు ఆవిడ! ఆవిడ కూడా పిల్లలతో దిగింది. చీర కుచ్చిళ్లు ఎగదోపుకుని, పాపిట నిండా సిందూరంతో నిలబడి ఉంది.

ఇక్కడ నేను చేసిన పనికి పూర్తి బాధ్యత మా అమ్మదే. శ్రావణమాసంలో మా ఇంటికొచ్చిన ఏ ముత్తైదువనీ అమ్మ ఉత్త చేతులతో పంపేది కాదు. తమలపాకో, పువ్వో, నానిన శనగలో చేతిలో పెట్టాల్సిందే. ఇంట్లో వరలక్ష్మీ వ్రతమై వారం కూడా కాలేదు. నా చెయ్యి ఆ అలవాటులోనే ఉంది. ఎదురుగా శ్రావణంలో ముత్తైదువ, నా చేతిలో పచ్చటి మొలకలు. పైగా పిల్లలు పెద్దవాళ్ల చెవుల వెనక మొలకలు పెట్టి దీవెనలు తీసుకోవడం అప్పుడే చూశాను. ఇదీ వాయనంలాంటిదే అనుకుని, పగ సంగతి పక్కన పెట్టి, ఆవిడ చెవి వెనక నాలుగు మొలకలు దోపాను.

డోలు ఆగిపోయింది. పాట ఆగిపోయింది. రెండు గట్ల మీదా ఒక్క మనిషి కదల్లేదు. ఆవిడ నన్ను చూసింది, తన చెవి తడుముకుంది, మళ్లీ నన్ను చూసింది. ఆ తరవాత ఒంగి ఒంగి నవ్వింది. కళ్లు తుడుచుకుని, తన బుట్టలోంచి మొలకలు తీసి నా చెవి వెనక దోపి, "సీతారాం, భోజలీ" అంది.

గట్ల మీద ఆడవాళ్లు ఒక్కసారి గోలపెట్టారు. మా పిల్లలే ఎగిరెగిరి చెప్పారు. తోటిదాని చెవిలో మొలకలు పెడితే, అదీ తిరిగి పెడితే, చచ్చేదాకా స్నేహమట. తోబుట్టువు కంటే ఎక్కువట. దాని తల్లి మనకి తల్లట. ఒకరి పేరు ఒకరు పలకకూడదట, 'భోజలీ' అనే పిలవాలట, ఎదురుపడితే 'సీతారాం' అని పలకరించాలట. "తెలియక పెట్టాను!" అన్నాను. "తెలిసి పెడితే ఏంటి, తెలియక పెడితే ఏంటి? మొలక మొలకే" అంది భోజలీ, ఇంకా నవ్వుతూ. నాకూ నవ్వొచ్చింది. ఎంత నవ్వానంటే కాలుజారి నీళ్లలో కూర్చున్నాను. నన్ను లేపబోయి ఆవిడా కూర్చుంది. మా దాయి మాత్రం నవ్వలేదు. గట్టు మీంచి వెనక్కి తిరిగి ఇంటికి వెళ్లిపోయింది. నా నవ్వు అక్కడికక్కడే సగం చచ్చింది.

ఇంటికొచ్చి చెబితే అమ్మ, "ఏటీ, వాయనంనాగ ఇచ్చీసేవా? మంచి పనే సేసేవు. రేపొక పాలి భోజనానికి పిలిసీ" అంది. గ్లోబు సంగతి ఎత్తితే, "అదేటి, తినీదా?" అంది.

సోమవారం వచ్చింది. సన్నటి వాన. కొత్త బడి వసారాలో భోజలీ, నేనూ పక్కపక్కన నిలబడ్డాం. గంట కొట్టారు. మా మగపిల్లలు నిక్కర్ల దాకా తడిసి, కేకలు పెడుతూ వచ్చేశారు. ఆడపిల్లలు రాలేదు. భోజలీ రెండోసారి గంట కొట్టించింది. ప్రార్థన అయింది. రిజిస్టరులో ఆ పదకొండు పేర్ల మీదకి నా చూపు పోనివ్వలేదు. పోతే ఏడుస్తానని తెలుసు.

అప్పుడు పొలం గట్టు మీద ముందుగా ఒక వెదురు టోపీ కనిపించింది. దాని కింద దాయి. వెనకాల, గట్టు వెడల్పే ఒక్కరిది కాబట్టి ఒకరి వెనక ఒకరు, మా ఆడపిల్లలు, పలకలు నెత్తిన పెట్టుకుని. నేను లెక్కపెట్టడం మొదలుపెట్టాను. మధ్యలో తప్పి, మళ్లీ మొదటినుంచి లెక్కపెట్టాను.

దాయి వసారా మెట్టెక్కి, నన్ను కాదు, భోజలీని చూసి చెప్పింది: "మేం బడికి పంపడం లేదమ్మా. వీళ్ల బహెన్‌జీకి నువ్వు భోజలీవి, అంటే వీళ్లకి మౌసీవి, తల్లి తోబుట్టువువి. మౌసి ఇంటికి పంపుతున్నాం. దెబ్బ తగిలితే నువ్వే కట్టు కట్టాలి."

"కడతాను దాయీ" అంది భోజలీ. ఈసారి నవ్వలేదు.

నా లెక్క పన్నెండు వచ్చింది. మూడోసారి లెక్కపెట్టినా పన్నెండే. చివరన తమ్ముణ్ని చంకనెత్తుకుని ఒక తొమ్మిదేళ్ల పిల్ల నిలబడి ఉంది. వాణ్ని చూసుకోవాలని ఇంట్లో వాళ్లు దాన్ని ఎన్నడూ బడికి పంపలేదు. "మౌసి ఇంటికి తమ్ముణ్ని తీసుకెళ్లొచ్చుగా" అంది దాయి.

భోజలీ రిజిస్టరు తెరిచి, కలం నా చేతికిచ్చింది. "నువ్వు రాయి."

"పేరేంటి?" అని ఆ పిల్లని అడిగాను. అది తమ్ముణ్ని ఆ చంక నుంచి ఈ చంకకి మార్చుకుని, అవతలి ఊరికి కూడా వినపడేంత గట్టిగా చెప్పింది.